పొత్తును వెలియును
(వార్షిక మహాసభయందు గావించిన యుపన్యాసము)



భోజనమునకు ముందు ఉపన్యసించువానికి రెండు చిక్కులు గలవు. వినువారి మనస్సు సగము వంటశాలవైపు నుండును. చెప్పువాడు దీర్ఘముగా జెప్పినచో వంటవారి శాపమును గూడ మోయవలసియుండును. అయినను మాకు నియమింపబడిన విషయము సంఘీయుల యన్యోన్య సంబంధములు గావున, దానిని భోజనమునకు ముందు చెప్పుటయే యుచితమని తోచినది. ఏలయన, మనుజునకు మనుజునితో సంబంధము గలిగించు సాధనములలో భోజనమే ప్రథమము. యాత్ర దాని తరువాతిది. లేఖయు, దాని మనుమరాలైన సెల్‌ఫోను సందేశమును ఆ పిమ్మటివి. ఈ మూటిని గూర్చియు పలుకుదుము గాని సమముగా బలుకము. మాకు ముఖ్యముగా జెప్పవలసినది బంతిని గూర్చియు, ఆ బంతినుండి మనము లేపివేసినవారిని గూర్చియు.

రుద్రాభిషేకమున చమకమును బఠించువారు ఈ సభలో బెక్కండ్రు గలరు. చమకము నాలుగవ యనువాకమున పాలు, నేయి, తేనె మొదలగువాని నడిగిన వెంటనే, కృషిని వృష్టిని అడుగుటకు ముందు, సగ్ధి, సపీతి యను రెండు వరములు కోరబడినవి. సగ్ధి యనగా కలిసి తినుట. సపీతి యనగా కలిసి త్రాగుట. నేయియు తేనెయు నుండి, పంచుకొని తినువాడు లేకున్నచో వానివలన ఫలమేమి యని ఋషి తలచెను గాబోలు. వానకంటె ముందు తోడివానిని కోరినాడు. పైగా దానిని దేవునినుండి యడిగినాడు గాని, డబ్బిచ్చి కొనవచ్చునని యెంచలేదు. ప్రతిదినము ఈ మాటల నుచ్చరించుచు, పిమ్మట తలుపు వేసికొని ఒంటిగా భుజించువారమును మనమే.

మన తెలుగు నుడిలోను ఇట్టి సాక్ష్యమే కలదు. పొత్తు అను మాటను నేడు పత్రికలవారు ఎన్నికలవేళ రాజకీయపక్షములు కుదుర్చుకొను ఒప్పందమునకు వాడుచున్నారు. పూర్వులు దానిని స్నేహమునకును, కూడి భుజించుటకును వాడిరి. పొత్తున గుడుచుట యనగా ఒక్కచోట కలిసి భుజించుట. అట్లే సంస్కృతపు పంక్తి తెలుగునకు వచ్చి బంతి యైనది. (ఆటబంతియు పూలబంతియు వేరు మాటలు, పిల్లలు పొరబడకుందురు గాక.) పంక్తి యనగా ఏ వరుసయైనను గావచ్చును. తెలుగువాని బంతి మాత్రము విస్తళ్ల వరుసయే.

ఈ బంతియందు ఏమి మహిమ గలదని పడుచువారు మమ్ము అడుగుచుందురు. మహిమ వంటకములలో లేదు, వేచియుండుటలో నున్నది. విస్తరిముందు కూర్చుండినవాడు తన విస్తరి నిండినంతమాత్రమున చేయి పెట్టరాదు. కడపటి విస్తరికి ఉప్పు మొదలు నేయివరకు వడ్డన ముగియువరకు ఊరకుండవలెను. పెద్దలు ఔపోశనము పట్టిన పిమ్మటనే తక్కినవారు మొదలుపెట్టవలెను. తన భోజనము ముగిసినను, మజ్జిగయన్నమును మెల్లగా దినుచున్న ముసలివానికొరకు పడుచువాడు ఎండిన చేతితో కూర్చుండియే యుండవలెను. ఈ రెండు నిరీక్షణలే బంతికి ప్రాణము. ఆ వేళయందే ప్రక్కవానిని "తమది ఏ యూరు?" అని యడుగుట సంభవించును. ఎన్ని పెండ్లిసంబంధములు, ఎన్ని పొలపు బేరములు, ఎన్ని పాతపగల రాజీలు పప్పునకును నేయికిని నడుమ కుదిరినవో మన పెద్దలకు దెలియును. వడ్డించువాడు మనవాడైనచో కడబంతి యైన నేమి యను సామెత పక్షపాతమును దెలుపుటకు బుట్టినది. అయినను కడబంతివరకు వంట మిగులునట్లు జూచుటయే వడ్డనలోని ధర్మమని ఆ సామెతయే గుర్తుచేయుచున్నది.

ఇప్పుడు పెండ్లిండ్లలో ఒక చేత పళ్లెమును, ఒక చేత సెల్‌ఫోనును బట్టి నిలుచుండి తినుట వచ్చినది. దానిని మేము నిందింపము. మోకాళ్ల నొప్పులు గలవారికి అది వరమే. కాని అచ్చట ఎవరికొరకును ఎవరును వేచియుండరు. దోసెపెనము చెంత వరుస యున్నది నిజమే. ఆ వరుసలో ఒకని ముఖము మరియొకని వీపును జూచును. పంక్తికిని క్యూకును గల భేద మంతయు ఇదియే. బల్లలు వేసి విస్తళ్లు పరచినచో మోకాళ్లకును సుఖము, బంతికిని రక్షణము. నేటి సభయందు అట్లే యేర్పాటుచేసిన ఆహ్వానసంఘమువారిని అభినందించుచున్నాము.

మేము బడిపంతులుగా నున్నకాలమున ఈ విషయమున ఒక ప్రత్యక్షప్రమాణము దొరకినది. సుప్రీముకోర్టువారు 2001 నవంబరు 28న ఇచ్చిన యుత్తరువు ననుసరించి నాటి ఉమ్మడి ఆంధ్రప్రదేశమున 2003 జనవరినుండి బడులలో వండిన మధ్యాహ్నభోజనము ఆరంభమైనది. మొదట కొందరు తలిదండ్రులు వంట చేయునది ఎవరని విచారించి, బిడ్డలకు ఇంటినుండి డబ్బాలు గట్టి పంపిరి. మేము ఎవరికిని హితోపదేశము చేయలేదు. నెల తిరుగకమునుపే ఆ పిల్లలు డబ్బాలు మూసి పళ్లెములు బట్టుకొని బంతిలో కూర్చుండిరి. వేడిసాంబారు వాసనయు, స్నేహితుని ప్రక్క చోటును గలసి చేసిన పనిని ఏ నీతిశతకమును చేయజాలదు.

ఇక బంతికి రెండవ ముఖము. కలుపునట్టి సాధనమే వేరుచేయుటకును పనికివచ్చును. ధర్మశాస్త్రములలో పంక్తిపావనుడు అను మాట యెట్లున్నదో, అపాంక్తేయుడు అను మాటయు నట్లే యున్నది. మనుస్మృతి మూడవ యధ్యాయమున ఇరువురి పట్టికలును గలవు. పావనుల పట్టిక కొలదిలో ముగియును; కూడనివారి పట్టికయే మిక్కిలి దీర్ఘము. మానవస్వభావము నెరిగినవారికి ఇందు ఆశ్చర్యము లేదు. మన గ్రామములలో వెలివేయుట యనగా కొట్టుటయు గాదు, తిట్టుటయు గాదు. ఆ యింట ఎవరును భుజింపరు, ఆ యింటివారిని ఎవరును బంతికి బిలువరు. ఇంతే. ఈ యింతచేతనే పెక్కు గృహములు కూలినవి.

రాజమహేంద్రవరమున 1881 డిసెంబరు 11వ తేదీని కందుకూరి వీరేశలింగముగారు తొలి వితంతువివాహమును జరిపించిరి. వధువు గౌరమ్మ, వరుడు గోగులపాటి శ్రీరాములు. ఈ కథను వివాహకథగా అందరును జెప్పుదురు. మేము దానిని భోజనకథగా జదువుచుందుము. పెండ్లినాటికి వంటవారును నీళ్లు మోయువారును మానివేసిరి. వీరేశలింగముగారి సహధర్మచారిణి రాజ్యలక్ష్మమ్మగారు స్వయముగా గోదావరినుండి నీళ్లు దెచ్చి వంటచేసిరి. కాకినాడ వర్తకులు పైడా రామకృష్ణయ్యగారు ధనసాహాయ్యము చేసిరి, ఆత్మూరి లక్ష్మీనరసింహముగారు వంటి మిత్రులు అండగా నిలిచిరి, విద్యార్థులు కావలియున్నారు. మంత్రములు చెప్పుట సాగినది, మాంగల్యము గట్టుట సాగినది. అసలు పరీక్ష ఆ పిమ్మట వచ్చినది. ఆ పెండ్లికి బోయినవారిని, అందు భుజించినవారిని బహిష్కరింపవలెనని పీఠమునుండి యాజ్ఞలు బయలుదేరినవి. సభలలో సంస్కరణమునకు చప్పట్లు చరచిన పెద్దమనుష్యులు పలువురు ప్రాయశ్చిత్తము చేసికొని మరల కులమున జేరిరి. వారు పిరికివారని మేమనము. కూతురి పెండ్లికి ఎవరును రారన్న భయము, తండ్రి తద్దినమునకు భోక్తలు దొరకరన్న భయము ఎంతటివో అనుభవించినవారికే తెలియును. అయినను ఆ దంపతులు నేటికిని పేరుతో స్మరింపబడుచున్నారు. వారిని వెలివేసినవారి పేళ్లు మనలో నెందరికి తెలియును?

బంతిని వెడలుపు చేసినవారును మన దేశమున లేకపోలేదు. పలనాటి బ్రహ్మనాయుడు చాపకూటిని బెట్టినాడు. చాప పరచి జాతిభేదము లేక అందరు కూర్చుండి కుడుచుటయే చాపకూడు. మాలకన్నమదాసును కుమారునిగా నెంచి సైన్యమున నగ్రస్థాన మిచ్చిన మహనీయు డాయన. కారెంపూడి వీరారాధనోత్సవములలో నేటికిని చాపకూడు జరుగుచున్నది. పూరీక్షేత్రమున మహాప్రసాదమునకు ఎంగిలి లేదు, కులము లేదు. మన సర్వం జగన్నాథమను పలుకుబడి యందుండియే వచ్చినది. లంకలగన్నవరమున డొక్కా సీతమ్మగారు (1841–1909) గోదావరిపాయలు దాటి వచ్చు బాటసారులకు వేళగాని వేళయందైనను అన్నము వండి పెట్టిరి. వచ్చినవానిని ఆకలి యున్నదా యని యడిగిరి గాని కులమేమని యడుగలేదు. తిరుమలయందు 1985నుండి నడచుచున్న నిత్యాన్నదానమున మన ప్రక్క విస్తరివారెవరో మనకు దెలియదు. తెలియకున్నను అన్నము జీర్ణమగుచునే యున్నది. కృష్ణాజిల్లా ముదునూరున 1940లో నాస్తికకేంద్రమును స్థాపించిన గోరాగారును సహపంక్తి భోజనములు జరిపించినవారే. వారి నాస్తికతతో మాకు పొత్తు లేదు; వారి బంతితో వైరమును లేదు.

కేరళదేశపు కథ యొకటి మన సభవంటి సభలకు ప్రత్యేకముగా వినదగినది. 1917లో చెరాయి గ్రామమున అయ్యప్పన్ అను ఈళవ యువకుడు పులయజాతివారితో గలిసి మిశ్రభోజనము చేయించెను. ఆయనను బహిష్కరించినవారు పరాయివారు గారు, ఆయన కులపు సంఘమువారే. పులయన్ అయ్యప్పన్ అని వెక్కిరించిరి. ఆయన దానిని బిరుదముగా గ్రహించెను. తరువాత లోకము ఆయనను సహోదరన్ అయ్యప్పన్ అని పిలిచినది, మంత్రియు నైనాడు. కులసంఘము చేసిన బహిష్కారము కులమునకు కీర్తి దెచ్చిన మనుష్యునిపై బడుట ఇదియే మొదలు గాదు.

డాక్టరు అంబేద్కరుగారు మాత్రము ఈ విషయమున మనలను తృప్తిపడనీయలేదు. లాహోరులోని జాత్‌పాత్ తోడక్ మండలమువారికొరకు 1936లో సిద్ధపరచి, వారు సభనే మానుకొనుటచే ప్రసంగింపబడక అచ్చయిన యుపన్యాసమున, కలిసి భుజించినంతమాత్రమున కులభావము పోదనియు, దానికి వివాహసంబంధమే మందనియు ఆయన నిరూపించిరి. ఆ మందును మన సంఘమువా రందరు స్వీకరింపవలెనని చెప్పుటకు మేమిక్కడ నిలువలేదు. ఎవరి బిడ్డల పెండ్లి వారి యిష్టము. కాని దానిని తామే స్వీకరించిన కొందరు మన యిండ్లలో నున్నారు. వారి సంగతికి వచ్చుచున్నాము.

అంతకుముందు యాత్రను గూర్చి నాలుగు మాటలు. ఏనుగుల వీరాస్వామయ్యగారు చెన్నపట్టణపు సుప్రీముకోర్టులో ద్విభాషి. వారు 1830 మే 18న బయలుదేరి, సుమారు నూరుమంది పరివారముతో కాశికి బోయి, 1831 సెప్టెంబరు 3న తిరిగివచ్చిరి. దారిపొడవునను తమ మిత్రులు కోమలేశ్వరపురము శ్రీనివాసపిళ్లగారికి జాబులు వ్రాసిరి; ఆ జాబులే 1838లో కాశీయాత్రచరిత్రగా అచ్చైనవి. వారికి తమ వంటవారున్నారు, తమ డేరాలున్నవి, ఆచారమున లోపము లేదు. అయినను ప్రతిమజిలీయందును ఊరివారిని విచారించిరి: ఇండ్లెన్ని, నీటివసతి యేమి, ఏ వస్తువులు దొరకును, ఏ జాతులవారెట్లు జీవింతురు అని. ఆచారమును విడువకయే లోకమును జూడవచ్చునని ఆ గ్రంథము మనకు సాక్ష్యము.

రైలు వచ్చిన పిమ్మట యాత్రకు పంక్తినియమము చెల్లలేదు. 1856 జూలై 1న రాయపురమునుండి దక్షిణదేశపు తొలిరైలు నడచినది మొదలు, టిక్కెట్టు గొన్నవాడెల్ల ప్రక్కవాడైనాడు. స్టేషనులలో వేరు వేరు నీళ్లకుండలును భోజనశాలలును కొంతకాలము నిలిచి పోయినవి. బల్లమీద పులిహోరపొట్లము విప్పి ఎదుటివానికి జూపకుండ తినుట రైలులో కష్టము. మేము ఎరిగిన స్నేహములు కొన్ని విజయవాడకును నాగపూరునకును నడుమ అట్టి పొట్లములయందే పుట్టినవి.

రెండేండ్ల క్రిందట మన సంఘీయులు నలువదిరెండుగురు బస్సులో కాశీ, గయ, ప్రయాగలకు బోయినప్పుడు మేమును వారిలో నుంటిమి. నాగపూరు, జబల్‌పూరు మీదుగా, ఇంచుమించు వీరాస్వామయ్యగారి దారియే. మన బియ్యము, మన పప్పు, మన వంటవాడు, మన గ్యాసుపొయ్యి. కాశిలో మనవారి గదులు. పదునొకండు దినములలో మనము పలుకరించిన పరాయివాడు బస్సు డ్రైవరు ఒక్కడే. అతడును అయిదవదినమువరకు బస్సునీడను వేరుగా దినెను. జబల్‌పూరు దాటిన పిమ్మట ఒకరాత్రి చక్రము పగిలి నడిదారిలో నిలిచిపోతిమి. దాపున నున్న ధాబా యజమాని మూసిన పొయ్యి మరల రాజవేసి నలువదిముగ్గురికి రొట్టెలు గాల్చి పెట్టెను. మన డ్రైవరు ఆనాడు మన నడుమనే మంచముమీద కూర్చుండి తినెను. ఆ మరునాటినుండి వేరుగా దినలేదు. యాత్రనుండి వచ్చినవారిని ఇప్పుడు కదపి చూడుడు. విశ్వేశ్వరుని దర్శనమునకు ఎంతసేపు నిలిచితిమో కొందరు మరచిరి గాని ఆ రొట్టెలను ఎవరును మరువలేదు.

కులమువారి సత్రములను మేము తక్కువచేసి చెప్పుటలేదు. శ్రీశైలమునను, కాశియందును, ఇతరక్షేత్రములందును ఆ సత్రములు కట్టించిన దాతలు పరాయియూర దిక్కులేని పేదయాత్రికునకు నీడయు కూడును గల్పించిరి. విద్యార్థివసతిగృహములును అట్టివే. హైదరాబాదున 1918లో రాజబహద్దూరు వెంకటరామారెడ్డిగారి పూనికచే వెలసిన రెడ్డిహాస్టలువంటివి లేకున్నచో పల్లెటూరి పిల్లలెందరో చదువు మానియుందురు. అయితే ఏ దాతయు తలుపు మూయుటకొరకు సత్రము కట్టలేదు. సొమ్ము చాలక మనవారికి మాత్రమే అని బోర్డు వ్రాసినవారు వేరు. గదులు ఖాళీగా నుండియు ఆ బోర్డునే చూపువారు వేరు.

ఇక సందేశములు. మన దేశమున 1879లో కాణీ కార్డు కాదు, పావలా కార్డు కాదు, పావుఅణా కార్డు వచ్చినది. ఉభయకుశలోపరి యని మొదలుపెట్టి, మూలలయందు సైతము సందులేకుండ వ్రాసెడివారు. అది రహస్యము లేని లేఖ. తపాలాబంట్రోతు మొదలు వీధియరుగువరకు అందరును జదివెడివారు. నేటి వాట్సాపు సమూహము ఆ కార్డుముక్క వంటిదే, వేగము మాత్రమే యెక్కువ. ఒక సమూహమున 1024 మందివరకు జేరుటకు 2022నుండి వీలు గలిగినది. మన జిల్లా సమూహము ఆ హద్దునకు చేరువగా నున్నది. దీనివలన మేలు లేదని మేము చెప్పుటలేదు. రక్తము కావలెనన్న గంటలోపల ఇచ్చువారు దొరకిరి. అమెరికాలోని మనుమడు తాతగారి దహనసంస్కారమును తెరమీద జూచి యేడ్చినాడు. పూర్వము తంతి యందుటకే దినములు పట్టెడివి. 2020, 2021 సంవత్సరములలో కోవిడు మహమ్మారి వచ్చినప్పుడు, ఇండ్లలో బడియున్నవారిని మన యువకులు ఈ సమూహముల మూలముననే విచారించి, మందులను, భోజనపు క్యారియరులను గుమ్మములచెంత బెట్టిపోయిరి. ఆ క్యారియరులో ఏ కూర యుండెనో నేటికిని చెప్పుకొనువారున్నారు. అదేకాలమున వచ్చిన వేలకొలది సందేశములలో నొక్కటియు ఎవరికిని జ్ఞాపకము లేదు.

కీడును గలదు. పిల్లలనెత్తుకొనిపోవువారు తిరుగుచున్నారను పుకార్లచే 2018లో దేశమున అమాయకులు కొందరు కొట్టబడి చచ్చిరి. వాట్సాపువారు ఆ యేటనే ఒక సందేశమును ఒక్కపర్యాయమున అయిదు చోట్లకు మించి పంపకుండ కట్టుదిట్టము చేసిరి. పుకారు కనులెదుట మనుష్యుడు లేనిచోట బలియును. ప్రక్క విస్తరిలో కూర్చుండినవానిని గూర్చి అట్టి మాట నమ్ముట యంత సులభము గాదు. ప్రాతఃకాలపు పూలబొమ్మలను గూర్చి మేమేమియు జెప్పము. అవి పంపువారిలో మా యింటివారును గలరు.

మమ్ము బాధించునది వేరు. ఆ సమూహమున అప్పుడప్పుడు బూడిదరంగు చిన్నయక్షరములలో ఒక వాక్యము కనబడును: ఫలానివారిని తొలగించినారు అని. కారణము వ్రాయబడదు. విచారణ లేదు, పంచాయతీ లేదు, పీఠమునుండి ఆజ్ఞ లేదు. పూర్వము వెలివేయుటకు నలుగురు పెద్దలు చావడిలో కూర్చుండవలసి వచ్చెడిది. వారి ముఖములనైన జూచి మనవి చేసికొనుటకు వీలుండెడిది. నేడు ఒక వ్రేలు చాలును.

గడచిన మూడేండ్లలో అట్లు తొలగింపబడినవి మన పట్టణముననే మూడు కుటుంబములు. వారి బిడ్డలు కులాంతరవివాహము చేసికొనిరి, నేరమిదియే. వారిలో నొకరు తొమ్మిదేండ్లు మన సంఘమునకు కోశాధికారిగా నుండి నయాపైస తేడా లేకుండ లెక్కలప్పగించిన పెద్దమనిషి. సభ్యుల వివరపట్టిక క్రొత్తకూర్పున వారి పేరు లేదు. వార్షికచందా పంపగా రసీదు లేక డబ్బు తిరిగివచ్చినది. రెండవ యింటి యిల్లాలు పదునైదు కార్తీకములు మన వనభోజనములకు పులిహోర కలిపిన చేయి. గత కార్తీకమున ఉసిరిచెట్టుక్రింద మనమందరము కూర్చుండి, పులిహోర మునుపటివలె లేదని చెప్పుకొంటిమి. ఎందువలన లేదో ఎవరును పైకి జెప్పలేదు. మూడవవారిని గూర్చి, వారు కోరలేదు గావున, మేమేమియు జెప్పము.

పోషకులలో కొందరు మాతో ఏకాంతమున పలికిన మాట యిది: "మాస్టారూ, తలుపు తెరచితిమా, తక్కిన పిల్లలందరును అదే దారి బట్టుదురు." ఈ భయమును మేము తేలికగా దీసికొనము. వారి పితృభక్తియు కులాభిమానమును మేమెరుగుదుము. మన వసతిగృహమున పేదపిల్లల భోజనము వారి సొమ్ముతోనే నడచుచున్నది. కాని వారొక విషయమును యోచింపవలెను. కులాంతరవివాహము చెల్లదనుట 1949లో చేసిన హిందూవివాహముల చెల్లుబాటు చట్టముతోనే పోయినది. 1955 నాటి వివాహచట్టమును కులమును అడుగదు. పెండ్లి యాపుట మన చేతులలో లేదు. మన చేతులలో నున్నది ఒక్కటే: ఆ పెండ్లివలన బుట్టిన బిడ్డ మన బంతిలో తాతప్రక్క కూర్చుండునా, లేక తాతగారికే విస్తరి లేకుండ బోవునా యనునది. మూడు కుటుంబములను తొలగించిన పిమ్మట ఈ యూర అట్టి పెండ్లిండ్లు ఆగినవా యనగా, ఆగలేదు. క్రొత్తగా జరిగినది యేమనగా, మరి రెండిండ్లవారు తమ బిడ్డల పెండ్లిని మననుండి దాచినారు. మహారాష్ట్రమున సాంఘికబహిష్కారమును శిక్షార్హము చేయుచు 2016లో శాసనసభ చట్టము చేసినది. మనకు అట్టి చట్టము వచ్చువరకు ఆగి, పోలీసువారు చెప్పిన పిమ్మట విస్తరి వేయుట మన గౌరవమునకు దగదు.

కావున మేమొక తీర్మానమును వ్రాసి ఈ యుదయముననే కార్యదర్శిగారికి అందజేసితిమి. వివాహకారణమున పట్టికనుండియు సమూహమునుండియు తొలగింపబడిన సభ్యులను మరల జేర్పవలెననియు, ఇకమీదట ఏ సభ్యునినైనను తొలగించుటకు ముందు కార్యవర్గము పిలిచి వినవలెననియు అందు గలదు. వచ్చు కార్తీకమున వనభోజనమునకు ఆ తోటయజమానిని, కాపరిని, వాహనములు నడుపువారిని బంతిలోనే కూర్చుండబెట్టవలెనని రెండవభాగము. సత్రపు గదులను గూర్చి వ్రాయలేదు. అది ధర్మకర్తల యధికారము, వారితో వేరుగా మాటలాడుచున్నాము. తీర్మానము మధ్యాహ్నము మూడుగంటలకు చర్చకు వచ్చును. వ్యతిరేకించువారు వ్యతిరేకింతురు గాక. ఎదుట నిలిచి వ్యతిరేకించుటయే మాకు గావలసినది.

అంతకుముందు భోజనము. మన నిబంధనావళియందు సభ్యులును వారి యతిథులును బంతికి అర్హులని యున్నది. ఆ నిబంధన ననుసరించి ఆ మూడు కుటుంబములవారిని మేము మా యతిథులుగా బిలిచితిమి. ఇరువురు వచ్చి కుడివైపు కడపటి వరుసలో కూర్చుండియున్నారు. మూడవవారు రాలేదు; వారికి క్యారియరు దీసికొనిపోవుట మా పని. వేదికవారికొరకు మొదటిబంతిలో కేటాయించిన మా విస్తరిని వేరొకరికి ఇచ్చివేయుడు. మేము రెండవబంతిలో మా యతిథులతో గూర్చుందుము. ఆ వరుసలో మాకు ఇరుప్రక్కలను చోటున్నది.